మా అత్తయ్యగారి వీధి: ప్రాజెక్టు డైరీ

ఆగస్టు 3, 2025, ఆదివారం

మొదలుపెట్టాను. సామాన్లు: కాకినాడ మెయిన్ రోడ్డులో కొన్న 30 మీటర్ల టేపు, అడుగున్నర ఇనుప మేకులు నాలుగు, ఎర్ర పెయింటు చిన్న డబ్బా, పాప సగం వాడి వదిలేసిన లాంగ్ నోట్‌బుక్కు. పని: మా పెరటి గుమ్మం నుంచి సముద్రం ఎంత దూరంలో ఉందో రోజూ కొలిచి రాసుకోవడం.

మాది ఉప్పాడ. జాందానీ చీరలంటే ఊరు పేరు అందరూ గుర్తుపడతారు. తుఫాను రోజుల్లో టీవీలో చూపించే బీచ్ రోడ్డు అంటే ఇంకా తొందరగా గుర్తుపడతారు. మా ఆయన మగ్గం నేస్తారు. నేను బుటాలకి, కొంగులకి గ్రాఫులు గీస్తాను.

అత్తయ్యగారు నిద్రపోవడం మానేశారు. ఆవిడకి డెబ్బై రెండేళ్లు. రాత్రి ఒంటిగంటకి లేచి పెరటి తలుపు తీసి నిలబడతారు. ఏంటండీ అంటే "చప్పుడు మారిందే అమ్మాయ్" అంటారు. మొదట్లో చాదస్తం అనుకున్నాను. ఈ వేసవి నుంచి నాకూ అదే పట్టుకుంది. కెరటం గట్టుకి కొట్టినప్పుడల్లా గుండెల్లోంచి ఏదో జారినట్టు ఉంటోంది. గళ్లు తప్పుతున్నాను. మొన్న ఒక కొంగులో నెమలి మెడ రెండు గళ్లు పక్కకి పోయింది, నేసేవాళ్లు తిట్టుకున్నారు. లెక్క చేతిలో ఉంటే భయం తగ్గుతుందని నా ఆలోచన. చూద్దాం.

మొదటి కొలత 58 మీటర్లు.

ఆగస్టు 9, శనివారం

58, 51, 60, 47, 55, 49. ఈ రోజు పున్నమి. పోటు మీద కొలిస్తే 41.

భయం తగ్గలేదు. పెరిగింది. 47 వచ్చిన రోజు అన్నం దిగలేదు. 60 వచ్చిన రోజు పిచ్చి సంతోషం. అంకె ఎలా ఉంటే రోజు అలా ఉంటోంది. "నువ్వు కొలవడం మొదలుపెట్టాక ఇంట్లో ఇద్దరికి నిద్ర పోయింది, ఇదివరకు ఒక్కరికే" అన్నారు మా ఆయన.

ఆగస్టు 12

తప్పు దొరికింది. రెండిళ్ల అవతల ఉండే బాబాయ్ వల బాగుచేసుకుంటూ వారం నుంచి నన్ను చూస్తున్నారట. ఈ రోజు ఉండబట్టలేక అడిగేశారు.

"ఏం కొలుస్తున్నావమ్మా?"

"సముద్రం ఎంత దూరం ఉందో, బాబాయ్."

"నీళ్లనెవరైనా కొలుస్తారా? అవి పొద్దున్నొకచోట సాయంత్రమొకచోట. గట్టుని కొలు. పోయేది గట్టే."

ఇంత చిన్న విషయం నాకు తట్టలేదు. పోటుకీ పాటుకీ మధ్య నీటి అంచు మీటర్ల కొద్దీ జరుగుతుంది, అమావాస్య పున్నమిలకి ఇంకా ఎక్కువ. సముద్రం ఊపిరి పీల్చి వదులుతుంటే ఆ ఊపిరినే కొలుస్తూ టెన్షన్ పడ్డానన్నమాట. ఆ వారం లెక్కలన్నీ కొట్టేశాను.

కొత్త పద్ధతి: పెరటి గుమ్మం రాయి మీద ఎర్ర గీత. అక్కడి నుంచి గట్టు కోసుకుపోయిన అంచు దాకా టేపు. మధ్యలో రెండు మేకులు, టేపు వంకర పోకుండా. కొలత 36.4 మీటర్లు.

58 చూశాక 36 చూస్తే కాళ్లు చల్లబడ్డాయి. కానీ ఇది నిజం అంకె.

ఆగస్టు 24

36.4, 36.4, 36.3. గట్టు కదలలేదు. నేను మాత్రం రాత్రి రెండింటికి ఫోనులో గాలి యాప్ తెరిచి, బంగాళాఖాతంలో ఎక్కడో అండమాన్ పక్కన తిరుగుతున్న రంగు సుడులు చూస్తున్నాను. నిన్న అమావాస్య. అత్తయ్యగారు పెరటి తలుపు దగ్గర, నేను మంచం మీద. ఇద్దరం మెలకువగానే ఉన్నాం, ఒకరితో ఒకరం మాట్లాడుకోలేదు.

పొద్దున్న ఆశా కార్యకర్త వస్తే చెప్పాను. 14416కి చేయమంది. టెలి మానస్ అట, మనసు బాగోలేనివాళ్లకి ఫోను సాయం, ప్రభుత్వానిదే, 2022 నుంచి ఉంది, తెలుగులో మాట్లాడతారు. అత్తయ్యగారు "నాకేం పిచ్చా?" అని లోపలికెళ్లిపోయారు. నేనే చేశాను, పెరట్లో జామచెట్టు కింద నిలబడి. అవతల ఒక అమ్మాయి. సముద్రం గురించి చెబితే నవ్వుతుందేమో అనుకున్నాను. నవ్వలేదు. ఏ టైముకి ఎక్కువగా ఉంటుంది, ఆ టైములో చేతిలో ఏముంటుంది అని అడిగింది. ఫోను అన్నాను. రాత్రి ఎనిమిది తర్వాత వాతావరణం చూడొద్దు అంది. హెచ్చరిక ఉంటే ఊళ్లో మైకులో చెబుతారు కదా, అది చాలు అంది. కొలతకి వారంలో ఒక్క రోజు, ఒక్క టైము పెట్టుకోమంది. ఇంకో మాట: "ఒక్కరే కొలుస్తున్నారా అండి?"

అవును, ఒక్కదాన్నే. అది నేను ఆలోచించలేదు.

ఇక నుంచి ఆదివారం పొద్దున్న ఏడింటికి మాత్రమే.

ఆగస్టు 31

36.3. మా మరిది కొడుకు కాకినాడలో ఇంజనీరింగు చదువుతాడు, వారాంతానికి వచ్చాడు. టేపు రెండో కొస వాడే పట్టుకున్నాడు. ఈ బాధకి ఇంగ్లీషులో పేరుందంట, సోలాస్టాల్జియా. ఆస్ట్రేలియాలో హంటర్ లోయలో బొగ్గు గనులు చుట్టూ ఉన్న నేలని తవ్వేస్తుంటే అక్కడివాళ్లు ఎక్కడికీ వెళ్లకుండానే ఇంటి మీద బెంగ పెట్టుకున్నారట. అది చూసి గ్లెన్ ఆల్బ్రెక్ట్ అనే తత్వవేత్త 2003లో ఆ మాట పుట్టించాడట. అత్తయ్యగారికి విడమరిచి చెప్పాడు.

"దానికి అంత పేరెందుకురా? బెంగే కదా" అన్నారావిడ. కానీ ఆ సాయంత్రం రెండు సార్లు అడిగారు, ఆ బొగ్గు ఊరివాళ్లు ఇప్పుడెలా ఉన్నారని.

సెప్టెంబరు 7

36.3. ఈ రోజు చంద్రగ్రహణం. సాయంత్రమే అన్నాలు తినేసి, గ్రహణం పట్టేదాకా ఏం చేయాలో తెలియక కూర్చున్నాం. నేను గ్రాఫు కాగితం పరుచుకుని ఒక అంచు డిజైను సరిచేస్తున్నాను. అత్తయ్యగారు పక్కన కూర్చుని చూస్తూ, ఒక గడి మీద వేలు పెట్టారు.

"ఇది మా ఇల్లనుకో. ఇదిగో, ఇక్కడ నుయ్యి."

ఆవిడ పుట్టిన వీధి ఇప్పుడు సముద్రంలో ఉంది. ఆవిడ పెళ్లి నాటికి చివరి నాలుగిళ్లు పోయాయట. నేను కాపురానికి వచ్చేసరికి వీధే లేదు. ఇన్నేళ్లలో ఆ వీధి గురించి ఆవిడ నాకు చెప్పింది ఏమీ లేదు, నేనూ అడగలేదు. పదకొండు దాటేదాకా చెబుతూనే ఉన్నారు. చంద్రుణ్ణి ఎవరం చూడలేదు.

అసలు ప్రాజెక్టు ఇక్కడ మొదలైందని ఇప్పుడు అనిపిస్తోంది. టేపు వేరే పని.

సెప్టెంబరు 14

36.2. పటం మొదలు. నాలుగు గ్రాఫు షీట్లు వెనక నుంచి మైదా జిగురుతో అతికించాను. ఒక గడికి ఒక అడుగు. చీరల గ్రాఫులో ఒక గడి తప్పితే పువ్వు వంకర పోతుంది, ఇక్కడ తప్పితే ఒకరి అరుగు ఇంకొకరి ఇంట్లోకి వెళ్తుంది.

చిక్కల్లా కొలతలది. లేని వీధిని టేపుతో ఎలా కొలుస్తాం? అత్తయ్యగారికి టేపు లెక్క అడుగుల్లో చెప్పడం తెలియదు, నడిచిన అడుగుల్లోనే తెలుసు. "బిందె పట్టుకుని మా గుమ్మం నుంచి నూతికి నలభై రెండు అడుగులు వేసేదాన్ని, లెక్కపెట్టుకుంటూ" అన్నారు. సరే అని మా వీధిలో ఆవిడ చేత నలభై రెండు అడుగులు వేయించాను. మోకాళ్ల నొప్పితో చిన్న చిన్న అడుగులు, 48 అడుగుల దూరం వచ్చింది. గీసేశాక ఆవిడే అన్నారు, "అప్పుడు నాకు తొమ్మిదేళ్లు కదే."

చెరిపేశాను. ఎదురింటి పిల్లకి సరిగ్గా తొమ్మిదేళ్లు. దానికి చిన్న బిందె ఇచ్చి, నీళ్లు పోసి, నడవమన్నాం. నలభై రెండు అడుగులకి 62 అడుగుల దూరం. మూడు సార్లు నడిపించాం: 62, 64, 61. 62 వేసుకున్నాను. పిల్లకి ఐదు రూపాయల చాక్లెట్టు ఖర్చు.

నడుస్తున్నంతసేపూ అత్తయ్యగారు ఆ పిల్ల పక్కనే నడిచారు. "బిందె ఎడమ నడుం మీద పెట్టుకో, అలా కాదు" అంటూ.

సెప్టెంబరు 21

36.2. ఈ రోజు మా అరుగు మీద ఆరుగురు పెద్దవాళ్లు. ఎవరు పిలిచారో తెలియదు. పటం మధ్యలో, చుట్టూ చేతులు, ఒకరు తమలపాకు నములుతూ దాని మీదకే వంగితే నా గుండె ఆగింది.

గొడవ జరిగింది. రాములవారి గుడి వీధికి ఎడమ వైపా, కుడి వైపా? ఇద్దరు ఎడమ, ముగ్గురు కుడి, ఒకాయన అసలు ఆ వీధిలో గుడే లేదు పక్క వీధిలో ఉంది అంటారు. అరగంట సేపు అరుచుకున్నారు. యాభై ఏళ్ల క్రితం మునిగిపోయిన గుడి కోసం అంత గట్టిగా అరుస్తుంటే నవ్వొచ్చింది, తర్వాత నవ్వు ఆగిపోయింది. తేల్చింది అత్తయ్యగారే. పెళ్లి ఊరేగింపు గుడి దగ్గర ఆగినప్పుడు సన్నాయి ఆయన వెనక సముద్రం కనపడిందట. ఊరేగింపు దక్షిణం నుంచి వస్తోంది. అంటే కుడి.

బాబాయ్ చివర్లో వచ్చారు. ఆయన మాట్లాడకుండా పటం చాలాసేపు చూసి, పెన్సిలు అడిగి, మూడు చోట్ల చుక్కలు పెట్టారు.

"ఇక్కడ, ఇక్కడ, ఇక్కడ వల తగులుకుంటాది. కింద గోడలున్నాయి. మా నాన్న చెప్పేవాడు, అటు వలెయ్యకురా అని."

మేం చిన్నప్పటి జ్ఞాపకాలతో గీసిన ఇళ్ల వరసకి ఆయన చుక్కల్లో రెండు దాదాపు సరిపోయాయి. మూడోది ఖాళీ చోట ఉంది. అక్కడ ఏముండేదో ఎవరికీ గుర్తు లేదు. ప్రశ్న గుర్తు వేశాను.

ఆ రాత్రి అత్తయ్యగారు లేవలేదు. నేను లేచాను, ఆవిడ లేచారేమో చూడడానికి.

సెప్టెంబరు 28

36.2 అనుకుంటే 35.1. వారంలో మీటరు పైన పోయింది. గాలులు గట్టిగా ఉన్నాయి.

మరిది కొడుకు లాప్‌టాప్ తెచ్చాడు. గూగుల్ ఎర్త్‌లో పాత చిత్రాలకి వెనక్కి జరిపి చూడొచ్చు. తన పాత వీధి కనపడుతుందని అత్తయ్యగారు అద్దాలు తుడుచుకుని కూర్చున్నారు. ఎంత వెనక్కి జరిపినా నీళ్లే. ఆ వీధి ఉపగ్రహాలు మా ఊరి మీద కన్ను వేయక ముందే పోయింది. "మీ పటమే ఉన్నది, పెద్దమ్మా, ఇంకెక్కడా లేదు" అన్నాడు వాడు. జాగ్రత్తగా పెట్టుకోవాలి. తమలపాకు నమిలేవాళ్లని ఇక దగ్గరికి రానివ్వను.

కారణాలు కూడా వాడే చెప్పాడు. గోదావరి తెచ్చే ఒండ్రు, ఇసుకే ఈ తీరానికి తిండి. పైన పైఠాన్ దగ్గర జాయక్‌వాడీ నుంచి శ్రీరాంసాగర్ దాకా ఎన్ని ఆనకట్టలు కడితే అంత మట్టి వాటి వెనకే ఆగిపోతుంది. మన ధవళేశ్వరం ఆనకట్టే 1852 నాటిది. వచ్చిన కాస్త ఇసుకా ఒడ్డు వెంట ఉత్తరానికి జరుగుతూ ఉంటుంది, కొత్తది రాకపోతే ఉన్నది కరుగుతుంది. దానికి తోడు హోప్ ఐలాండ్. గోదావరి ఇసుకతోనే పుట్టిన ఆ దిబ్బ కాకినాడ రేవుకి పెద్ద కెరటాలు తగలకుండా అడ్డం ఉంటుంది. దాని ఉత్తరపు కొస దగ్గర వంగిన కెరటాల బలం మాత్రం మా వైపు పడుతుందని చదువుకున్నవాళ్లు తేల్చారట. గోడ కట్టిన చోట ఊరు నిలుస్తుంది, గోడ చివర పక్కన కోత ఎక్కువవుతుంది. జియో ట్యూబులు (ఇసుక నింపిన పెద్ద గుడ్డ గొట్టాలు), రాళ్లు వేసిన చోటు నుంచి మా ఇల్లు కాస్త అవతల. అది నాకు వాడు చెప్పక్కర్లేదు.

దేశం మొత్తం మీద తీరంలో మూడో వంతు కోతకి గురవుతోందట, 1990 నుంచి 2018 దాకా తీర పరిశోధన కేంద్రం వాళ్ల లెక్క. అత్తయ్యగారు అది విని "మరి వాళ్లంతా కూడా నిద్రపోవట్లేదా?" అన్నారు. వాడి దగ్గర దానికి జవాబు లేదు.

కారణాలు తెలిస్తే నాకు ఊరట వస్తుందనుకున్నాను. కోపం వచ్చింది. ఎవరి మీద చూపించాలో తెలియని కోపం. కానీ అమావాస్య భయం కన్నా ఇది నయం, దీంతో గ్రాఫు గీయగలుగుతున్నాను.

అక్టోబరు 5

35.1. పటానికి రంగులు. ఇళ్లకి పసుపు, నూతికి నీలం, సముద్రానికి ఏ రంగూ వద్దన్నారు అత్తయ్యగారు. ఖాళీగా వదిలేశాను.

మునిగిన ఇళ్ల మాట వచ్చి, 2020 నవంబరులో నివర్ తుఫాను తర్వాత ఊరు ఊరంతా ఒడ్డున ఇసుక జల్లించిన సంగతి గుర్తు చేసుకున్నాం. బంగారు పూసలు, చిన్న ముక్కలు దొరికాయని టీవీలో కూడా వచ్చింది. మునిగిపోయిన ఇళ్లవి, గుళ్లవి అని పెద్దవాళ్లు అన్నారు. నేనూ జల్లెడ పట్టుకుని వెళ్లాను, రెండు రోజులు, ఏమీ దొరకలేదు. అత్తయ్యగారు అప్పుడు రాలేదు. ఎందుకు రాలేదో ఈ రోజు చెప్పారు: "మా అమ్మ ముక్కుపుడక నా చేతికే దొరికితే ఏం చెయ్యను?"

అక్టోబరు 12

35.0. దీపావళి చీరల ఆర్డర్లు. పటం ముట్టుకోలేదు.

అక్టోబరు 26

34.8. మొంథా తుఫాను వస్తోందని మైకులో చెప్పారు. యాప్ తెరవలేదు. రెండు సార్లు చెయ్యి వెళ్లింది.

పటం చుట్టి, పాలిథిన్ కవరులో పెట్టి, దాని మీద ఇంకో కవరు. పట్టు నూలు, గ్రాఫులు, రేషను కార్డు, పటం ఒకే బ్యాగు.

అక్టోబరు 30

27న ఊళ్లో బడికి వెళ్లిపోయాం. 28 రాత్రి తుఫాను నర్సాపురం వైపు తీరం దాటింది. మా దగ్గర ఆ రెండు రోజులూ కెరటాలు బీచ్ రోడ్డు మీదే ఉన్నాయి. బడి గదిలో ముప్పై మందిమి. అత్తయ్యగారు గోడకి ఆనుకుని, కరెంటు లేని చీకట్లో, పక్కనున్న పిల్లలకి తన వీధి మొదటి నుంచి చివరి దాకా చెప్పారు. ఎడమ నుంచి మొదటి ఇల్లు, రెండో ఇల్లు. మధ్యలో ఎవరో పెద్దాయన సరిదిద్దారు. బయట గాలి ఎంత అరుస్తున్నా వీళ్లిద్దరూ ఒక అరుగు గురించి వాదించుకుంటున్నారు. నేను ఏడ్చాను. చాలా రోజులకి. ఎవరూ చూడలేదు, చూసినా ఆ చీకట్లో ఎవరి గొడవ వాళ్లది.

ఇల్లు ఉంది. మగ్గం గుంట నిండా నీళ్లు. పడుగు సగం పోయింది, మా ఆయన ఇంకా మాట్లాడట్లేదు. జామచెట్టు ఒరిగింది.

నవంబరు 2, ఆదివారం, ఉదయం 7

మధ్యలో పాతిన మేకుల్లో ఒకటి లేదు. కొలత 28.9. దాదాపు ఆరు మీటర్లు, ఒక్క వారంలో.

బాబాయ్ టేపు ఆ కొస పట్టుకున్నారు, మరిది కొడుకు అంకె చదివాడు, ఎదురింటి పిల్ల రాసింది. ఆగస్టులో 47 చూసి అన్నం మానేసినదాన్ని, ఈ రోజు 28.9 చూసి ఇంటికొచ్చి అట్లు పోశాను. ధైర్యం వచ్చిందని కాదు. తొమ్మిదిమందికి పోయాలి, కూర్చునే వీలు లేదు.

ఒక విషయం మా ఆయనతో మాట్లాడాలి. ఈ లెక్కన ఎన్నేళ్లు అన్నది ఇప్పుడు ఊహ కాదు, నోట్‌బుక్కులో ఉంది. మగ్గం లోపలి వీధిలోకి మార్చుకునే చోటు వెతకాలి. నాలుగు నెలల క్రితం ఈ మాట ఇంట్లో ఎత్తగలిగేదాన్ని కాదు.

నవంబరు 9

28.9. కదలలేదు.

పటం విప్పి చూశాను. ఒక మూల చెమ్మ తగిలి నూతి నీలం కాస్త పాకింది, అంతే. ప్రశ్న గుర్తు వేసిన చోట ఏముందో తెలిసింది: బడిలో అత్తయ్యగారిని సరిదిద్దిన పెద్దాయన నిన్న కబురు పంపారు, అది వలలు ఆరేసుకునే రాతి తిన్నె. గీశాను.

మధ్యాహ్నం అత్తయ్యగారు ఇంకో కొత్త గ్రాఫు షీటు తెచ్చి నా ముందు పెట్టారు.

"ఇంకేముందండీ, వీధి అయిపోయింది కదా?"

"ఇది గియ్యి."

"ఏది?"

"ఈ ఇల్లు. ఇప్పుడైతే టేపు పెట్టి కొలవచ్చు కదా. ఎవరితోనూ దెబ్బలాడక్కర్లేదు."

నేను కాసేపు లేవలేకపోయాను. ఆవిడ అప్పటికే టేపు కొస పట్టుకుని వంటింటి గోడ దగ్గర వంగారు, మోకాలి మీద చెయ్యి పెట్టుకుని.

వంటిల్లు: పది అడుగుల నాలుగంగుళాలు, ఎనిమిది అడుగుల రెండంగుళాలు. పొయ్యి గట్టు తూర్పు వైపు. పెరటి గుమ్మం వెడల్పు రెండడుగుల తొమ్మిదంగుళాలు, రాయి మీద ఎర్ర గీత.